హైస్కూలు గోడ పక్క చోటు

కర్నూలు జిల్లా నంద్యాల పట్టణంలో, నూనెపల్లె వైపు సొంత ఇంట్లో కాపురం ఉంటూ, హైస్కూలు రోడ్డులో నేల మీద కూర్చుని పాత పుస్తకాలు అమ్ముకుని బతికిన కిడాంబి చక్రపాణి అనే నేను, వయసు డెబ్బై రెండు, పుట్టింది అహోబిలం, నా చేత్తో రాసుకుంటున్న మరణశాసనం ఇది. రాస్తున్నప్పుడు నాకు జ్వరం లేదు. మత్తుమందు వేసుకోలేదు. ఇలా రాయి, అలా రాయి అని చెప్పేవాళ్లు పక్కన లేరు. ఉంటే వాళ్ల పేర్లు కూడా రాసేవాణ్ణి. నా తర్వాత నా వస్తువులు ఎవరికి చెందాలో, ఎవరికి చెందకూడదో, ఎందుకో ఇందులో ఉంది. ఆ ‘ఎందుకో’ అన్నది వీలునామాలో అక్కర్లేదని ప్లీడరు వెంకటేశ్వర్లు చెప్పాడు. కారణాలు లేని పుస్తకాలు నేను చాలా అమ్మాను. ఇంకొకటి రాయదలచుకోలేదు.

ఒకటి. ముందుగా నా మతి గురించి. నా కొడుకు పార్థసారథి ఆళ్లగడ్డలో తన ఎరువుల అంగట్లో కూర్చుని, వచ్చిన రైతుకల్లా “మా నాయనకు మతి తప్పిండాది. రోడ్డు కూడా తనదే అంటాండాడు” అని చెబుతున్నాడు. అందుకని పోయిన వారం గవర్నమెంటు డాక్టరు దగ్గరకు వెళ్లాను. ఈ దేశానికి ప్రధానమంత్రి ఎవరని ఆయన అడిగాడు. ఓట్లు దగ్గర పడ్డాయి, లెక్కపెట్టాక అడుగు అన్నాను. నవ్వి సర్టిఫికెట్ రాసిచ్చాడు. అది దీనికి జతపరిచాను.

రెండు. 1982లో నేను రాసిన వీలునామా ఇంతటితో చెల్లదు. అందులో అంతా కొడుక్కే రాశాను. అప్పటికి అతను నన్ను చూడ్డానికి వచ్చేవాడు. ఈ వీలునామాను అమలు జరిపే బాధ్యత నా కూతురు గోదాదేవిది. దొర్నిపాడు స్కూల్లో టీచరు. ఆమె భర్త పేరు కలపలేదు. మంచివాడే, కానీ ఎవరేమన్నా ఔననే మనిషి.

మూడు. అహోబిలంలో మా తండ్రిగారి నుంచి నాకు రావలసిన వంతు, గుళ్లో పారాయణం చేసే వంతూ, దాంతో వచ్చే ప్రసాదమూ, అన్నీ నా తమ్ముడు లక్ష్మీనరసింహానికి వదిలేస్తున్నాను. నలభై ఏళ్లుగా అతనే అనుభవిస్తున్నాడు కాబట్టి నేను ఇస్తున్నదేమీ లేదు. దాంతోపాటు నా నల్ల గొడుగు కూడా అతనికే. నంద్యాలలో పని పడి వచ్చినప్పుడు, నన్ను దూరం నుంచి చూసి రోడ్డు దాటి అవతలి వైపుకి వెళ్లేవాడు. అవతలి వైపు నీడ లేదు. తోడబుట్టినవాడు నా వల్ల ఎండలో నడిచాడన్న బాధ నాకు అక్కర్లేదు.

నాలుగు. నా భార్య కమలవల్లి నామం పెట్టుకునే తిరుమణి పెట్టె, అందులోని చిన్న అద్దం, వెండి పుల్ల, గోదాదేవికి. కమలవల్లి పోయి పదిహేనేళ్లు. ఆమెకు నేను రోడ్డు మీద కూర్చోవడం ఇష్టం లేదు. ఆళ్లగడ్డలో ఒక పెద్దరైతు పెట్టిన పఠనాలయంలో నేను పుస్తకాలు చూసుకునేవాణ్ణి. ఆయనకు మోజు తీరిపోయి, ఆ గదిలో విత్తనాల మూటలు వేసుకున్నాడు. నా జీతం బాకీ కింద పుస్తకాలు తీసుకుపొమ్మన్నాడు. గోనెసంచుల్లో వేసుకుని బస్సెక్కి నంద్యాల వచ్చాను. అది 1971. కొత్త ఉద్యోగం దొరికేదాకా అనుకుని హైస్కూలు గోడ పక్కన గోనె పరిచాను. దొరకలేదు. కమలవల్లి మధ్యాహ్నం అన్నం క్యారియరు తెచ్చి, నాకు ఇవ్వకుండా నా పక్కన కూర్చున్న హన్నమ్మకు ఇచ్చి వెళ్లేది. రోడ్డు మీద కూర్చున్నవాడు తన భర్త అని నలుగురూ అనుకోకూడదని. హన్నమ్మ ఆ క్యారియరు నా వైపు జరిపి, “సామీ, ఎవురో పుణ్యాత్మురాలు మీకు అన్నం పంపిచ్చింది” అనేది. కమలవల్లి ఆ మాట విని ఒకసారి నవ్వింది. రోడ్డు మీద ఆమె నవ్వగా చూసింది నేను ఆ ఒక్కసారే.

ఐదు. పుస్తకాలు. గుడ్డ సంచిలో కట్టి ఉన్నవి, వాటి మీద గోదాదేవి పేరు రాసి ఉంది, ఆమెకే. మిగిలినవాటిలో వారపత్రికల సీరియళ్లు కుట్టించిన సంపుటాలు శిరివెళ్ల అనసూయమ్మగారికి ఇవ్వాలి. ఈమె ఆశీలు కాంట్రాక్టరు మద్దిలేటి భార్య. ఆశీలు అంటే తెలియని వారసులు ఎవరైనా ఉంటే చెబుతున్నాను: రోడ్డు మీద గంప దించిన ప్రతివాడి దగ్గరా రోజుకింత వసూలు చేసుకునే హక్కును ఏటా వేలం వేస్తారు. మద్దిలేటి ఏటా పాడుకుంటాడు. పొద్దున ఆయన మనిషి వచ్చి చీటీ చింపి డబ్బు తీసుకుంటాడు. మధ్యాహ్నం గవర్నమెంటు జీపు వచ్చి, రోడ్డు మీద కూర్చోవడం నేరమని గంపలు తన్నేస్తుంది. ఈ రెండింటికీ పొత్తు ఎలా కుదిరిందని నేను అడిగినప్పుడు మద్దిలేటి, “నేను తీసుకునేది కూచున్నందుకు సామీ, వాళ్లు తన్నేది కూచున్నందుకు. రెండు పనులూ ఒగటే గదా” అన్నాడు. న్యాయశాస్త్రం మీద నేను చదివిన చాలా పుస్తకాల కంటే ఇది సూటిగా ఉంది.

అయితే ఆయన నా దగ్గర నవలలు మామూలుగా తీసుకుపోయేవాడు, భార్య కోసం. అవి తిరిగొచ్చేవి కావు గానీ ఆమె అభిప్రాయాలు వచ్చేవి. “ఇది రాసిన ఈయప్పకు ఆడదాని గురించి ఏం తెలుసో అడుగు ఆ పుస్తకాల సామిని” అని మొగుడితో చెప్పి పంపేది. ఆయన విసుక్కుంటూ ఆ మాట మోసుకొచ్చి నాకు అప్పజెప్పేవాడు. ఆమెను నేను ఒక్కసారి కూడా చూడలేదు. నంద్యాలలో నాకు తెలిసిన ఒకే ఒక్క విమర్శకురాలు. మద్దిలేటికి నేనిచ్చేది ఏమీ లేదు. ఆయన తీసుకున్నవి ఆయన దగ్గరే ఉన్నాయి.

ఆరు. ఇక నా చోటు సంగతి. ఇది రాయడానికే తక్కినదంతా రాశాను.

నా పక్కన కూర్చున్న హన్నమ్మ ఉడకేసిన చెనక్కాయలు అమ్మేది. పొట్లాలకు కాగితం నేనిచ్చేవాణ్ణి. నాకు నచ్చని నవలల్ని విప్పి ఇచ్చేవాణ్ణి; ఆ రచయితలకు దక్కిన పాఠకుల్లో చెనక్కాయలు తిన్నవాళ్లే ఎక్కువ. హన్నమ్మకు చదువు రాదు. కానీ జీపు శబ్దం మాత్రం ఊళ్లో అందరికంటే ముందు ఆమెకే వినిపించేది. జీపు మలుపు తిరగకముందే “బండొచ్చె!” అని ఒక్క కేక వేసేది. కేక ముగిసేలోపల రోడ్డు ఖాళీ. పరిచిన గోనె పట్టాల నాలుగు మూలలూ లాగి మూట కట్టి, గంపలు నెత్తికెత్తుకుని, అందరూ గోడ పక్క సందులోకి పోయేవాళ్లు. సలసల కాగే చెనక్కాయల కుండ నెత్తిన పెట్టుకుని, ఒక్క చుక్క ఒలకకుండా పరిగెత్తేది హన్నమ్మ. ఇందులో వాళ్లకున్న నేర్పు నేను ఏ సర్కసులోనూ చూడలేదు. పరిగెత్తలేని వాణ్ణి నేనొక్కణ్ణే. పుస్తకాలు బరువు. మొదట్లో నావి జీపులో వేసుకుపోయేవాళ్లు. తర్వాత వాళ్లకే విసుగు పుట్టింది. “ఈ సామి పుస్తకాలు ఎత్తేకి మన నడుములు పోతాండాయి, ఇడిసిపెట్టండప్పా” అని నన్ను దాటి పోయేవాళ్లు. అందుకే జీపు వచ్చినప్పుడల్లా రోడ్డు మీద మిగిలేవాణ్ణి నేనే. ఇది ధైర్యం కాదు. దీన్ని ధైర్యమని తర్వాత ఎవరూ అనలేదు కూడా. కుట్ర అన్నారు.

1978లో అందరి తరఫునా నేను అర్జీ రాశాను. మమ్మల్ని లెక్క రాసుకుని, లైసెన్సు ఇవ్వండి, రుసుము ఎంతో చెప్పండి, కడతాం, తన్నకండి అని. ఏడాదికి జవాబు వచ్చింది. లెక్క రాయడానికి ఆఫీసరు వస్తారు, అప్పుడు రోడ్డు మీద ఉన్నవాళ్లందరికీ లైసెన్సు బిళ్ల ఇస్తారు అని. ఏ రోజన్నది అందులో లేదు. ఆ కాగితం అందరినీ కూర్చోబెట్టి చదివి చెప్పాను. ఈసారి జీపు వస్తే లేవకండి, అది లెక్క జీపు అన్నాను. పూల ఉమామహేశ్వరమ్మ, “లెక్క జీపు ఏదో, తన్నే జీపు ఏదో మాకెట్ల తెలుస్తాది సామీ?” అని అడిగింది. ఆ ఆఫీసుకు ఉన్నది ఒకటే జీపు. డ్రైవరు కూడా ఒక్కడే.

1979 ఎండాకాలంలో ఒక పొద్దున ఆ జీపు మలుపు తిరిగింది. “బండొచ్చె!” అని హన్నమ్మ కేక వేసింది. నేను ముందు సీట్లో ఉన్న మనిషిని చూశాను. ఒళ్లో అట్ట, అట్ట మీద కాగితాలు. అర్థమైంది. లేచి నిలబడి, “హన్నమ్మా, పోవద్దు! లెక్కకొచ్చినారు! ఎవురూ పోవద్దండి!” అని నా గొంతున్నంత అరిచాను. హన్నమ్మ సందు మొగదల ఒక్క క్షణం ఆగింది. నా వైపు తిరిగి చూసింది. ముందు వారమే ఆమె కుండను ఒక బూటు తన్ని పగలగొట్టింది. వేడి నీళ్లు కాలి మీద పడి బొబ్బలు ఇంకా మానలేదు. ఆ కాలితోనే సందులోకి వెళ్లిపోయింది.

రోడ్డు ఖాళీ అయింది. పూర్తిగా కాదు. ఆ రోజు పొద్దుటి నుంచీ గోడ అవతలి చివర కొంతమంది కొత్తవాళ్లు కూర్చుని ఉన్నారు. వాళ్లు లేవలేదు. వాళ్ల ముందు తీర్చి దిద్దినట్టు గంపలు. ఒకడు మద్దిలేటి బామ్మర్ది. ముందర నిమ్మకాయల గంప. ఆఫీసరు నవ్వుతూ నిమ్మకాయలు ఎట్లా అని అడిగితే, తెల్లమొహం వేసి మద్దిలేటి కోసం అటూ ఇటూ చూశాడు. జీపు ఏ రోజు వస్తుందో మద్దిలేటికి తెలుసు. ఎలా తెలుసో నేను రాయను. ఆఫీసు పేరు రాస్తే రిజిస్ట్రేషన్ దగ్గర చిక్కు వస్తుందని ప్లీడరు చెప్పాడు.

నేను ఆఫీసరు దగ్గరకు వెళ్లి, “అయ్యా, ఇక్కడ కూర్చునేవాళ్లంతా సందులో ఉన్నారు. పిలుస్తాను, ఉండండి” అన్నాను. ఆయన మర్యాదస్తుడే. “పెద్దాయనా, నాకు చెప్పిండేది రోడ్డు మీద ఉండేవాళ్లను రాసుకోమని. సందులో ఉండేవాళ్లను గాదు” అన్నాడు. నా పేరు రాసుకున్నాడు. నిమ్మకాయలవాడి పేరు రాసుకున్నాడు. జీపెక్కి వెళ్లాడు.

జీపు చూస్తే పరిగెత్తాలని వాళ్లకు నేర్పింది ఎవరు? ఏళ్ల తరబడి తన్ని తన్ని నేర్పారు. బాగా నేర్చుకున్నందుకు పేర్లు తీసేశారు. దీని కంటే క్రూరమైన కథ నా దగ్గరున్న పుస్తకాల్లో ఒక్కదాంట్లోనూ లేదు.

ఏడు. మూడు నెలలకు రేకు బిళ్లలు వచ్చాయి. నాకొకటి వచ్చింది. నిజంగా రోడ్డు మీద బతికేవాళ్లలో బిళ్ల దక్కింది నాకే. తక్కినవాళ్లను లైసెన్సు లేదని లేపేశారు. నిమ్మకాయలవాడూ అతని జతగాళ్లూ మళ్లీ ఎప్పుడూ గంప ముందు కూర్చోలేదు. ఆ బిళ్లలు చూపి గోడ పొడుగునా చోట్లు ఎవరు ఎక్కువిస్తే వాళ్లకు బాడుగకు ఇచ్చారు; ఉమామహేశ్వరమ్మా, ప్రభుదాసూ తమ చోట్లకే బాడుగ కట్టి మిగిలారు. తను ఊడ్చి, నీళ్లు చల్లి, ఎనిమిదేళ్లు కూర్చున్న నేలకు హన్నమ్మ మద్దిలేటికి బాడుగ కట్టలేక, పాత బస్టాండు వెనక మురికి కాలవ పక్కకు పోయింది.

పోయేముందు అందరి ముందూ అడిగింది: “అర్జీ మీరే రాస్తిరి. జవాబు మీకే వచ్చె. బిళ్ల మీకే వచ్చె. దినం మీకు తెల్సి మాకు చెప్పకపోతిరి గదా సామీ?” నాకు తెలియదన్నాను. తెలిసుంటే అరుస్తానా అన్నాను. ఎవరూ నమ్మలేదు. ఆ అరుపు విన్నామని ఒక్కరూ అనలేదు. సందులో అందరూ ఒకరి మీద ఒకరు పడి, గంపల చప్పుడులో ఉన్నారు; వినిపించి ఉండకపోవచ్చు. సందు మొగదల నిలబడింది హన్నమ్మ ఒక్కతే. ఆ తర్వాత ఆమె పొట్లాలకు పాత పేపర్లు కొనుక్కోవడం మొదలుపెట్టింది. ఆమె వెళ్లాక నా పక్క చోట్లో ఒక దువ్వెనలవాడు బాడుగకు దిగాడు. అతనితో నేను పదేళ్లలో పది మాటలు మాట్లాడి ఉండను.

1987 వానల్లో హన్నమ్మకు జబ్బు చేసిందని చెప్పులు కుట్టే ప్రభుదాసు చెప్పాడు. వెళ్లాను. మంచం మీద లేచి కూర్చోలేకపోయింది. తన కూతురు సువార్తమ్మను నీళ్లకని బయటికి పంపి, నాతో చెప్పింది: “సామీ, ఆ పొద్దు మీరు పిలిస్తిరి. నేను వింటి. నా పేరు పెట్టి పిలిస్తిరి. వద్దామనే అనుకుంటి సామీ. కాళ్లు నిలబడల్యా. అందరూ నన్ను ‘హన్నమ్మా, నీవే బండొచ్చె అంటివి, నీ కేకతోనే మా బతుకులు పాయె’ అంటారని భయపడితి. అందుకే మిమ్మల్ని అంటి.”

పోనీలే అన్నాను. ఆ మాట రోడ్డు మీద చెప్పి ఉంటే ఎనిమిదేళ్లు నేను తలెత్తుకుని కూర్చునేవాణ్ణి. నాకొక్కడికే చెప్పి, నాలుగో రోజు పోయింది. చెప్పిందని సాక్ష్యం లేదు. ఇది ఇక్కడ రాస్తే నా మీద మాట పోతుంది, ఆమె మీద పడుతుంది. ఆ ఒక్క సంగతి కోసం ఈ కాగితం రెండుసార్లు చింపేశాను. కానీ చచ్చిపోయినవాళ్ల గౌరవం నిజంతో పోదని నా నమ్మకం. కేక వేసింది హన్నమ్మే. ఆ కేక అంతకుముందు ఎన్నోసార్లు వాళ్ల గంపలు కాపాడింది. ఆమెను ఎవరైనా ఒక్క మాట అంటే ఈ వీలునామా కింద వాళ్లకు నా శాపం తప్ప మరేమీ రాదు.

ఎనిమిది. ఈ ఆగస్టులో ఢిల్లీ సుప్రీంకోర్టు ఒక తీర్పు చెప్పింది. రోడ్డు పక్కన సరుకు అమ్ముకోవడం కూడా రాజ్యాంగం ఇచ్చిన వ్యాపార హక్కులోకే వస్తుందట. పేపర్లో చదివి, నా వయసు మరిచిపోయి లేచి నిలబడ్డాను. కింద ఇంకో మాట ఉంది: ఫలానా చోటు నాదే అని శాశ్వతంగా అడిగే హక్కు మాత్రం ఎవరికీ లేదట. మళ్లీ కూర్చున్నాను. అమ్ముకునే హక్కు ఉంది, కూర్చునే చోటు లేదు.

నా చోటు సువార్తమ్మకు రాయాలని ప్లీడరు వెంకటేశ్వర్లును అడిగాను. ఆమె ఇప్పుడు తల్లి చెనక్కాయల కుండతోనే మురికి కాలవ పక్కన కూర్చుంటోంది. “చోటు రాసేకి రోడ్డు మీ తాత సొత్తా సామీ? లైసెన్సు మీతోనే సస్తాది. కొడుకైతే అర్జీ పెట్టుకోవచ్చు, అంతే” అన్నాడు. కొడుకు ముందే పెట్టుకున్నాడు. నేను పోయిన మర్నాడు ఆ చోట్లో కూల్‌డ్రింకుల బంకు దించడానికి మద్దిలేటితో మాట్లాడి అడ్వాన్సు కూడా తీసుకున్నాడు. వచ్చే ఏడాది మళ్లీ లెక్క రాస్తారని అంటున్నారు. ఆ రోజు ఆ చోట్లో ఎవరుంటే వాళ్ల పేరే ఎక్కుతుంది. ఇది నేను చూశాను కాబట్టి నాకు తెలుసు.

పోయిన నెల సువార్తమ్మ దగ్గరకు వెళ్లి, వచ్చి నా పక్కన కూర్చో అన్నాను. “మీరుండంగ కూచుంటే మీ కొడుకు లేపుతాడు. మీరు పోయినాంక కూచుంటే అందరూ లేపుతారు. లేచి పోయేది మాకేం కొత్త గాదులే సామీ” అంది. ఆ మాటలో కోపం లేదు. అదే నాకు నిద్ర పట్టనివ్వలేదు.

తొమ్మిది. కాబట్టి, చట్టం ఏది రాయనిస్తుందో అదే రాస్తున్నాను. నేను కూర్చునే బేతంచెర్ల బండ నా డబ్బుతో కొన్నది. ట్రాక్టరు మీద తెప్పించి గోడ పక్కన నేలలో పాతించాను. దాని కింద నేల ప్రభుత్వానిది, బండ నాది. ఆ బండా, దాని మీది చెక్క అరా, పైన కట్టే టార్పాలినూ హన్నమ్మ కూతురు సువార్తమ్మకు చెందుతాయి. ఎవరైనా తీసేయాలంటే అది ఆమె సొత్తని ఒప్పుకుని, కాగితం రాసి తీయాలి.

నా ఇల్లు నా స్వార్జితం. సగం గోదాదేవికి, సగం పార్థసారథికి. అయితే పార్థసారథికి సగం రావాలంటే ఒక షరతు. సువార్తమ్మ ఆ బండ మీద కూర్చోవడాన్ని అతను గానీ, అతని తరఫున ఇంకొకరు గానీ అడ్డుకోకూడదు; అతను పెట్టిన అర్జీ వెనక్కి తీసుకోవాలి; లెక్క ముగిసి, ఆమె పేరుతో బిళ్ల వచ్చేదాకా ఇల్లు పంచకూడదు. అడ్డుకుంటే అతని సగం కూడా గోదాదేవిదే. ఇది విని వెంకటేశ్వర్లు ముక్కు మీద కళ్లజోడు సర్దుకుని, “ఇది చట్టంలో పడతాది సామీ” అన్నాడు. ఆయన నన్ను మెచ్చుకోవడం అదే మొదటిసారి.

పార్థసారథీ, నీ మీద నాకు పగ లేదని రాస్తే అబద్ధం అవుతుంది. చిన్నప్పుడు నువ్వు గోనె మీద నా పక్కన బోర్లా పడుకుని బొమ్మల పుస్తకాలు చూసేవాడివి. కుండ దించగానే మొదటి పిడికెడు చెనక్కాయలు హన్నమ్మ నీకే పెట్టేది. అది నీకు గుర్తు లేదని నేను నమ్మను. లైసెన్సు బిళ్ల నీకే ఇస్తున్నాను. నేను పోయిన రోజు అది వట్టి రేకు. అయినా దాని మీద మీ నాయన పేరు ఉంది.

పది. నా పాడెను హైస్కూలు రోడ్డు మీదుగా తీసుకుపోవద్దు. శవం వస్తోందంటే రోడ్డు మీద వాళ్లు గంపలెత్తి పక్కకు జరగాలి. నా కోసం ఎవరూ గంప ఎత్తకూడదు. రైలు కట్ట వైపు నుంచి తీసుకుపోండి. దూరమే అయినా మోసేవాళ్లకు ఆ దారిలో నీడ ఉంటుంది.

పదకొండు. రేపు ఈ కాగితం రిజిస్టరు అవుతుంది. దీని మీద ప్రభుత్వ ముద్ర పడుతుంది. అందుకని 1979లో ఆ ఆఫీసరు రాసుకోని లెక్కను దీంట్లో రాస్తున్నాను. వీలునామాలో ఇలాంటివి రాయకూడదని వెంకటేశ్వర్లు అన్నాడు. రాయకూడదన్న చట్టం చూపించమన్నాను. చూపించలేదు.

ఆ రోజు జీపు వచ్చేముందు హైస్కూలు రోడ్డులో గేటు వైపు నుంచి వరుసగా కూర్చున్నవాళ్లు: గేటు పక్కన పూలతో ఉమామహేశ్వరమ్మ. ఆమె పక్కన చెప్పులు కుడుతూ ప్రభుదాసు. తర్వాత గాజుల మస్తాన్‌బీ. తర్వాత కాలంలో కడపకు కూతురి దగ్గరకు పోయింది. ఆ తర్వాత రిబ్బన్లు, పిన్నులతో సుబ్బలక్ష్మమ్మ, ఇప్పుడు లేదు. తర్వాత పుస్తకాలతో నేను. నా కుడి పక్కన, సందు మొగకు అందేంత దూరంలో, ఉడకేసిన చెనక్కాయలతో హన్నమ్మ. నిమ్మకాయలు అమ్మేవాళ్లు ఆ రోడ్డులో ఎవరూ లేరు.

వీళ్లంతా 1971 నుంచి, కొందరు అంతకు ముందు నుంచీ, అక్కడే కూర్చుని బతికారు. జీపు వచ్చినప్పుడు లేచిపోవడం రోడ్డు మీద లేకపోవడం కాదు. నేను కళ్లారా చూసినవాణ్ణి. హన్నమ్మ రోడ్డు మీదే ఉంది. ఆమె పేరు రాసుకోండి.

శుక్ల నామ సంవత్సరం, కార్తీక బహుళంలో సోమవారం, అంటే 1989 నవంబరు 20వ తేదీన, నంద్యాలలో, నేను చదివి చూసుకుని, సాక్షుల ఎదుట సంతకం చేశాను.

(సంతకం) కిడాంబి చక్రపాణి

సాక్షులు:

ఉమామహేశ్వరమ్మ, పూల వ్యాపారం. నివాసం: హైస్కూలు గేటు పక్కన, రోడ్డు మీద. (ఎడమ బొటనవేలి ముద్ర)

ప్రభుదాసు, చెప్పుల పని. నివాసం: పై ఆమె పక్కన, రోడ్డు మీద. (సంతకం)